బురుజులంక కోటకి మేం వేసిన తాళం

ఈమధ్య మా చర్చిలో ఆరాధన అయ్యాక ఒకమ్మాయి నా దగ్గరికొచ్చి, "ఆంటీ, నాకు పురావస్తు శాఖలో ఉద్యోగం వచ్చింది. మీరు అందులోనే చేసి రిటైరయ్యారట కదా, నాకేమైనా చెప్పండి" అంది. మెట్ల మీద నిలబడి ఏం చెప్పను? "మంచి చెప్పులు కొనుక్కో, గొడుగు మర్చిపోకు" అని పంపించేశాను. ఇంటికొచ్చాక నామీద నాకే చిరాకేసింది. ఇన్నేళ్ళ ఉద్యోగంలో చెప్పదగ్గవి చెప్పులూ గొడుగూనా?

అందుకని ఇది రాస్తున్నాను. శాసనం అచ్చు ఎలా తీయాలో, పాత ఇటుక వయసు ఎలా అంచనా వేయాలో పుస్తకాల్లో ఉంది. నేను ఎప్పుడు ఏ కుర్చీలో కూర్చున్నానో ఎవరికీ అక్కర్లేదు. ఒక్క లంక గురించి చెబుతాను. దాన్ని తలుచుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. ఆ మంట చల్లారాలని కూడా నేను కోరుకోను.

*కోట ఎలా ఉండేది*

డెబ్భైల మొదట్లో మా ఆఫీసు విజయవాడ వన్ టౌన్‌లో ఒక అద్దె మేడ మీద ఉండేది. కింద ఎండుమిర్చి గోడౌను. ఫైలు తెరిస్తే తుమ్ము వచ్చేది. టెక్నికల్ పని చేసే వాళ్ళలో ఆడదాన్ని నేనొక్కదాన్నే. కృష్ణ సముద్రంలో కలిసేచోట బురుజులంక అనే చిన్న లంక ఉందనీ, అందులో పాత కోట ఉందనీ, రోడ్డు పనుల కాంట్రాక్టరొకడు దాని ఇటుకలు పడవల్లో ఎత్తుకుపోతున్నాడనీ కబురొచ్చింది. వెళ్ళి కొలతలు తీసుకురమ్మంటే మగవాళ్ళెవరూ కదల్లేదు. బురద, పాములు, ఉప్పునీళ్ళు అన్నారు. నేను వెళ్తానంటే మా ఆఫీసరు రంగనాయకులు గారు, "ఆడపిల్లవి, లంకల్లోకి ఎలా పంపమంటావమ్మా?" అన్నారు. వెళ్ళేవాళ్ళు ఇంకెవరూ లేరు కనుక చివరికి నన్నే పంపారు.

నాటుపడవలో మడ అడవి మధ్యనుంచి పోతుంటే ఒక మలుపు దగ్గర ఉన్నట్టుండి ఎర్రగా గోడ కనిపించింది. చుట్టూ ఎటు చూసినా నీళ్ళకి జానెడెత్తున నేల. ఆ నేలలో అంత గోడ! నాలుగు పలకల చిన్న కోట. సముద్రం వైపు రెండు బురుజులు, నది వైపు ఒకే ద్వారం, దానికి చెక్కడపు పని ఉన్న టేకు తలుపులు. డెల్టాలో రాయి పుట్టదు, అందుకని అంతా ఇటుకే. ఇటుకల మధ్య గుల్ల సున్నం. సముద్రపు గవ్వలు కాల్చి చేసిన ఆ సున్నంలో అక్కడక్కడా సగం కాలిన గవ్వ ఇంకా కనిపించేది.

దాని చరిత్ర పెద్దదేం కాదు. బందరుకి గుడ్డల వ్యాపారానికి వచ్చిన ఒలందా వాళ్ళు, అంటే డచ్చివాళ్ళు, ఓడలు దూరంగా లంగరు వేసినప్పుడు సరుకు దాచుకోడానికి దీన్ని కట్టించారు. కట్టించినవాళ్ళకి సముద్రం సంగతి తెలుసు. లోపలి నేలని ఇసుకా మట్టీ పోసి రెండు నిలువుల ఎత్తు లేపారు, సరుకు తడవకూడదని. తర్వాత ఇంగ్లీషువాళ్ళు లాక్కున్నారు. కొన్నాళ్ళు సిపాయిలుండేవాళ్ళు. ఆ తర్వాత అది ఉప్పు గోడౌను అయింది. లంకలోని జాలర్లు తమ గుమ్మం ముందు తేలిన ఉప్పు పిడికెడు తీసుకోకుండా కాపలా కాయడానికి అక్కడ బంట్రోతులుండేవాళ్ళు. స్వాతంత్య్రం వచ్చాక ఉప్పు మడులు మూతపడ్డాయి, కోటని వదిలేశారు. అప్పుడు జాలర్లు దానిలోకి వచ్చారు.

చూడండి, ఇటుకలు మోసిందెవరు? గవ్వలు ఏరి కాల్చిందెవరు? ఆ లంక జనమే కదా! వాళ్ళు లోపలికి రావడాన్ని మా కాగితాల్లో ఏమని రాశారో తెలుసా? ఆక్రమణ.

*నాంచారమ్మ*

నేను టేపు పట్టుకుని గోడ కొలుస్తుంటే చేపల తట్ట నెత్తిన పెట్టుకుని ఒకావిడ వచ్చి నిలబడింది. యాభై దాటిన మనిషి. కళ్ళు మాత్రం సూటిగా ఉన్నాయి.

"ఏం కొలుస్తన్నారమ్మా? మమ్మల్ని ఎల్లగొట్టడానికా?"

"కాదమ్మా. ఇటుకలు పోకుండా కాపాడటానికి."

"అయితే మంచిదే" అంటూ తట్ట దించి, నా టేపు రెండో కొస పట్టుకుంది.

ఆవిడే నాంచారమ్మ. కొడుకు వీరాస్వామి లంకకి కులపెద్ద. ఆ తర్వాత ఎన్నిసార్లు వెళ్ళినా వాళ్ళింట్లోనే తిన్నాను. ఆవిడ చెల్లెలు చిట్టెమ్మ, నేను వచ్చానని తెలిస్తే చాలు, పీతల కూర వండి గిన్నెతో సహా తెచ్చి పెట్టేది. "మీ వన్ టౌన్‌లో ఇది దొరకదు, తినండి" అని పక్కనే కూర్చుని, నేను ముక్క వదిలేస్తే కోప్పడేది. నవ్వితే ఊరంతా వినపడే మనిషి.

కోట లోపలి మెట్ట మీద వాళ్ళు చేపలు ఎండబెట్టుకునేవాళ్ళు. గోడల మీద వలలు ఆరేసేవాళ్ళు. గోడల్లో మొలిచిన రావిమొక్కలు వాళ్ళే పీకేవాళ్ళు, వలలు చిక్కుకుంటాయని. మరమ్మతు పని నాకు నేర్పినవాళ్ళంతా ఒకే మాట చెప్పారు: కట్టడాన్ని చంపేది మనుషులు కాదు, మొక్కలు. అంటే ఆ కోటని అన్నేళ్ళు నిలబెట్టింది ఆ వలలే.

వాళ్ళకి ఆ మెట్టతో ఇంకో పని కూడా ఉంది. వందేళ్ళ వెనకటి బందరు ఉప్పెనలో ఆ లంకవాళ్ళు కోటలోకి ఎక్కి బతికారు. నాంచారమ్మ ముత్తవ్వ చంటిపిల్లగా అక్కడే గట్టెక్కిందట. "కాపలావోడు తలుపు తీశాడమ్మా. తెల్లోళ్ళ కొలువు పోద్దని తెలిసీ తీశాడు. ఆడు తియ్యకపోతే నేను లేను" అంది. ఆ సంగతి నేను నివేదికలో రాశాను. రంగనాయకులు గారు కొట్టేశారు. "ముసలమ్మల కబుర్లు చరిత్ర కాదమ్మా సుగుణా" అన్నారు. ఒలందా వ్యాపారి తన యజమానికి రాసుకున్న గొప్పలు చరిత్ర అవుతాయి, ఆ గోడ పక్కన తరతరాలుగా బతికినవాళ్ళ మాట మాత్రం కబుర్లు!

*తలుపు*

కోటని రక్షిత కట్టడంగా ప్రకటించారు. కాంట్రాక్టరు పడవలు ఆగిపోయాయి. నేను చాలా సంతోషపడ్డాను. ఆ సంతోషం తీరకముందే రంగనాయకులు గారు కోట తలుపులకి తాళం వేయిస్తున్నామన్నారు. లోపల ఎండబెట్టిన చేపలు బయట పారేయించారు. బోర్డు పెట్టించారు. తాళంచెవి వాచ్‌మన్‌కిచ్చారు. అతనిది ఒడ్డున ఉన్న ఊరు. లంకకి వారానికోసారి వచ్చిపోయేవాడు. ఉండటానికి గది లేదు, తాగటానికి మంచినీళ్ళు లేవు, అతన్ని అని ఏం లాభం?

నేను ఆయన గదిలోకి వెళ్ళాను.

"సార్, తాళం మాత్రం వద్దు. గాలివానొస్తే వాళ్ళకి ఆ మెట్ట ఒక్కటే దిక్కు."

"అమ్మా, మనది పురావస్తు శాఖ. తుఫాను షెల్టర్లు కట్టడం మన పని కాదు."

"కట్టమనట్లేదు సార్. ఉన్నదాన్ని మూయొద్దంటున్నాను."

"రక్షిత కట్టడమన్నాక తలుపులు బార్లా తీసి పెడతామా?"

"ఎవరి నుంచి రక్షణ సార్? ఇటుకలు ఎత్తుకుపోయింది కాంట్రాక్టరు. అతన్ని మనం పల్లెత్తు మాట అనలేదు. లంకవాళ్ళు ఒక్క ఇటుక ముట్టలేదు, వాళ్ళ మొహాన తాళం వేస్తున్నాం."

ఆయన నవ్వారు. "నువ్వు ప్రతిదీ మనసుకి తీసుకుంటావు. ఆడవాళ్ళని ఫీల్డుకి పంపితే ఇదే చిక్కు."

రంగనాయకులు గారి గురించి ఒక మాట చెప్పాలి. ఆయన లంచగొండి కాదు. క్యాంపుకి వెళ్తే ఎవరింట్లోనూ కాఫీ కూడా తాగేవారు కాదు. చదువుకున్నవారు. శాసనాలు చదవడంలో ఆయన దగ్గర నేను నేర్చుకున్నది చాలా ఉంది. కొత్తగా చేరేవాళ్ళకి అందుకే చెబుతున్నాను. లంచాలు తినే ఆఫీసరుని మీరు మొదటి నెలలోనే గుర్తుపట్టి జాగ్రత్తపడతారు. ఇలాంటివారి దగ్గర జాగ్రత్తపడాలని తట్టదు. ఆయనకి రాయి మీద ప్రేమ ఉంది. దాని పక్కన నిలబడ్డ మనిషి కంటికి ఆనడు.

*ఉప్పెన*

డెబ్భై ఏడు నవంబరులో ఏం జరిగిందో దివిసీమవాళ్ళకి నేను చెప్పక్కర్లేదు. విజయవాడలో మాకు గాలీ వానే తెలిసింది. మర్నాటికి గాని కబుర్లు రాలేదు. మా శాఖ నుంచి ఎవరూ ఎటూ వెళ్ళలేదు, ఆఫీసు పైకప్పు రేకులు లేచిపోతే వాటి సంగతి చూసుకుంటున్నారు. మా చర్చివాళ్ళు బియ్యం, దుప్పట్లు పోగుచేసి లాంచీ మాట్లాడితే నేను సెలవు పెట్టి వాళ్ళతో వెళ్ళాను. వన్ టౌన్ కొట్లవాళ్ళు అడగకుండానే బస్తాలు తెచ్చి ఎత్తారు.

దారిలో చూసినవి రాయను. రాయలేను.

లంక చేరేసరికి ఇళ్ళు లేవు. ఇళ్ళున్నచోట పాకల గుంజలు కూడా లేవు. కోట ఉంది. ద్వారానికి తలుపులు లేవు. లోపలి మెట్ట మీద మనుషులున్నారు. పొయ్యి మీద ఏదో ఉడుకుతోంది. నాంచారమ్మ నన్ను చూసి లేవలేదు. పక్కన కూర్చున్నాను. తనే చెప్పింది.

"పొద్దున్నుంచీ గాలేనమ్మా. మధ్యాన్నానికి సముద్రం నల్లగా అయింది. మా వీరాస్వామి అందర్నీ కోటకి రమ్మని కేకలేశాడు. సగం మంది ఇటొచ్చారు. మిగతావోళ్ళు, కోటకి తాళముంది గదా, అక్కడికెళ్ళి ఏం చేస్తాం, పడవలెక్కి ఒడ్డుకి పోదామని రేవు దారి పట్టారు. మా చిట్టెమ్మ, దాని మొగుడు, పిల్లలు అటే పోయారు. నేను అరిచా. గాలికి వినపడలా."

"మరి మీరు?"

"మావోళ్ళు తెరచాప కొయ్య తెచ్చి తలుపుని పొడిచారు. తాళం ఇరగలా. అది గట్టి తాళమమ్మా. ఆఖరికి తలుపు బందులే ఊడినాయి. అప్పటికి నీళ్ళు మోకాళ్ళ దాకా వచ్చినాయి. పిల్లల్ని ముందు తోసి, ముసలోళ్ళని ఈడ్చుకుని ఎక్కాం. నేను బురుజెక్కి రేవు వైపు చూశా. చిట్టెమ్మది ఎర్రచీర. పడవ దాకా పోయింది, కనపడింది. తర్వాత నీళ్ళు గోడలాగ లేచి వచ్చినాయి. ఇంక కనపడలా."

ఊడిన తలుపు చెక్కల మీద ఆ రాత్రి చంటిపిల్లల్ని పడుకోబెట్టారట, కింద నేల చిత్తడిగా ఉందని. తర్వాత అవే చీల్చి నీళ్ళు మరిగించుకున్నారు. లంకలో ఎండు పుల్ల అన్నది లేదు మరి. నేను చూసినప్పుడు పొయ్యిలో ఉన్నది ఆ టేకు చెక్కే. దాని మీది చెక్కడపు పువ్వు ఒకటి సగం కాలి కనిపించింది. ఆ పువ్వుని గీసుకోడానికి నేను ఒకప్పుడు పూటంతా కూర్చున్నాను. ఆ రోజు మాత్రం అది మండుతుంటే బాగుందనిపించింది. దాని మీద గంజి కాగుతోంది.

*కేసు*

నీళ్ళు తీశాక రంగనాయకులు గారు తనిఖీకి వెళ్ళారు. పోయినవాళ్ళని చూడటానికి కాదు, కట్టడాన్ని చూడటానికి. తిరిగొచ్చి పోలీసులకి ఫిర్యాదు ఇచ్చారు: రక్షిత కట్టడాన్ని ధ్వంసం చేశారు, పురాతనమైన చెక్కడపు తలుపులని తగలబెట్టారు. ముద్దాయిలు వీరాస్వామి, మరో ముగ్గురు.

నమ్మలేక ఆయన గదిలోకి పరుగెత్తాను. "సార్, వీరాస్వామి పిన్ని కుటుంబం మొత్తం పోయింది. ఆ తలుపు బద్దలవకపోతే మిగిలినవాళ్ళు కూడా పోయేవాళ్ళు."

"నాకు మాత్రం బాధ లేదా? కానీ రేపు పైవాళ్ళు తలుపులేవీ అని అడిగితే నేనేం చెప్పాలి?"

"ప్రాణాలు కాపాడాయి, పోయాయి అని చెప్పండి."

"అలా రాయడానికి వీల్లేదమ్మా. నువ్వే సర్వే చేశావు కాబట్టి సాక్షివి నువ్వే. ముందు తలుపుంది, ఇప్పుడు లేదు. ఆ రెండు ముక్కలు చెబితే చాలు."

సమన్లు వచ్చాయి. ఇంట్లో అమ్మ భయపడింది. "ఉద్యోగం పోతే?" అంది. మిషన్ స్కూల్లో పాఠాలు చెప్పి రిటైరైన నాన్న మాత్రం పేపరు మడిచి, "ప్రమాణం చేయించి అడుగుతారు కదా, ఇంక ఆలోచించేదేముంది?" అన్నారు.

కోర్టులో ముద్దాయిలు నలుగురూ చేతులు కట్టుకుని నిలబడ్డారు. వాళ్ళ ఒంటి మీదున్న చొక్కాలు సహాయంగా వచ్చినవి, ఎవరికీ సరిపోలేదు. నాంచారమ్మ గుమ్మం దగ్గర కింద కూర్చుంది. సర్కారు వకీలు లేచి అడిగాడు.

"మీరు సర్వే చేసినప్పుడు కోటకి తలుపులున్నాయా?"

"ఉన్నాయి."

"ఇప్పుడు?"

"లేవు."

"చాలు. మీరు దిగొచ్చు."

నేను దిగలేదు. మెజిస్ట్రేటు గారి వైపు తిరిగి, "అయ్యా, ముందు ఉండి ఇప్పుడు లేనివి ఇంకా ఉన్నాయి. వాటిని కూడా చెప్పనివ్వండి" అన్నాను. వకీలు ఏదో అనబోయాడు. మెజిస్ట్రేటు గారు చేత్తో ఆపి, "చెప్పండమ్మా" అన్నారు.

"నేను సర్వే చేసినప్పుడు కోటకి తూర్పున ఊరుండేది. ఇప్పుడు లేదు. రేవులో పడవలుండేవి, లేవు. చిట్టెమ్మ అనే మనిషి నాకు పీతల కూర వండిపెట్టేది. ఆవిడ లేదు, మొగుడూ పిల్లలూ లేరు. కోట మాత్రం ఉందయ్యా. గోడలున్నాయి, బురుజులున్నాయి. మొత్తం లంకలో మా శాఖకి పోయింది రెండు తలుపులు."

మెజిస్ట్రేటు గారు రంగనాయకులు గారిని పిలిపించారు.

"ఆ రోజు తాళంచెవి ఎక్కడుంది?"

"వాచ్‌మన్ దగ్గర సార్."

"వాచ్‌మన్ ఎక్కడున్నాడు?"

"ఒడ్డున, వాళ్ళ ఊళ్ళో."

"మరి నీళ్ళు వస్తుంటే వీళ్ళు ఏం చేసి ఉండాల్సిందంటారు?"

ఆయన కాసేపు ఆలోచించారు. నిజంగానే ఆలోచించారు. "శాఖకి తెలియజేసి, అనుమతి తీసుకుని ఉండాల్సింది" అన్నారు.

ఎవరూ నవ్వలేదు.

కేసు కొట్టేశారు. తర్వాతవి రెండు ముక్కల్లో చెప్పేస్తాను. నెల తిరక్కుండా నన్ను రాయలసీమకి బదిలీ చేశారు. అక్కడి రాళ్ళూ మంచివే, మనుషులూ మంచివాళ్ళే. రంగనాయకులు గారు సన్మానాలు చేయించుకుని రిటైరయ్యారు. కొన్నేళ్ళకి శాఖ కోటల మీద చిన్న పుస్తకం వేస్తూ బురుజులంక భాగం నన్ను రాయమంది. రాశాను. ఉప్పెన సంగతి తీసెయ్యమన్నారు, అది చరిత్ర కాదట, వార్తట. "అయితే నా పేరు కూడా తీసెయ్యండి" అన్నాను. రెండూ తీసేసే వేశారు. ఆ పుస్తకంలో కోట చరిత్ర ఉప్పు గోడౌనుతో ఆగిపోతుంది. ఆ తర్వాత అక్కడ ఎవరూ పుట్టలేదు, చావలేదు.

ఇక కోర్టు రోజు సంగతి ఒకటి మిగిలింది. బయటికొచ్చాక వీరాస్వామీ వాళ్ళూ నా చేతులు పట్టుకున్నారు. నేను గెలిచిన ఉత్సాహంలో ఉన్నాను. నాంచారమ్మ మాత్రం కోర్టు మెట్ల మీదే కూర్చుండిపోయింది. వెళ్ళి, "పదమ్మా, కేసు కొట్టేశారు, ఇంక భయం లేదు" అన్నాను.

"మావోళ్ళ తప్పు లేదని చెప్పారు గదమ్మా?"

"చెప్పారమ్మా."

"మరి చిట్టెమ్మ పోయింది ఎవరి తప్పో చెప్పారా?"

"లేదు."

"ఎందుకని?"

"అక్కడ ఎవరూ అడగలేదమ్మా."

ఆవిడ నా మొహంలోకి చూసింది. "మీరు చదువుకున్నారుగా. మీరు అడగండి."

అడిగాను. విజయవాడ రాగానే రాసి అడిగాను. రాయలసీమ నుంచి అడిగాను. ఆఫీసర్లు మారినప్పుడల్లా కొత్తవాళ్ళని అడిగాను. కొందరు జాలిగా చూశారు, కొందరు విసుక్కున్నారు, ఒకాయన నాకు విశ్రాంతి అవసరమన్నాడు. జవాబు ఎవరూ ఇవ్వలేదు. ఇప్పుడు ఆ శాఖలో చేరబోయేవాళ్ళు మీరు. అందుకని మిమ్మల్నే అడుగుతున్నాను. చిట్టెమ్మని చంపింది ఎవరు?